జ్వరం లేని ఇంట్లో రొట్టె

చేప కోసేటప్పుడే మా అత్త సీనియమ్మాళ్ దాన్ని పంచేస్తుంది. కత్తిపీట మీద ముక్క తెగుతుంటే పక్కన కూర్చుని వేలు చూపిస్తుంది. నడిముక్కలు మా ఆయన పాలసామికి. తల మామకు. పొట్టముక్క కూడా మామకే, ఆయనకు పళ్ళు లేవు కనుక. తరువాత మా పిల్లలిద్దరికి చెరొకటి. తోక, తోకను ఆనుకున్న ముళ్ళ ముక్కలు ఆడవాళ్ళకు. ఆడవాళ్ళంటే అత్త, నేను, ఆడబిడ్డ కమలం. పులుసు కాగకముందే ఎవరిది ఏ ముక్కో మాకు తెలుసు. నేను కాపురానికి వచ్చిన పధ్నాలుగేళ్ళుగా తెలుసు.

ముక్క సంగతి అంత పెద్దది కాదు. ముల్లు తీసే ఓపిక ఉంటే తోకలోనూ రుచి ఉంటుంది. నా బాధంతా నిలబడటం దగ్గర. మగవాళ్ళు తినేటప్పుడు కోడలు నిలబడాలి. కంచంలో కూడు సగం కాకముందే మళ్ళీ వేయాలి. నీళ్ళు అడగకముందే పోయాలి. అడిగించుకుని వేసేది వడ్డన కాదు, బిచ్చం అంటుంది అత్త. వాళ్ళు చేతులు కడిగి లేచాక, అత్త తిన్నాక, నేను కూర్చునేసరికి వేపుడు ముక్క తోలులా సాగుతూ ఉంటుంది. వేడి చేప వాసన నాకు తెలుసు, రుచి తెలియదు. ఒకసారి మా ఆయనతో ఆ మాట అన్నాను. చల్లారినాక తింటే కడుపుకు మంచిది, అయినా నిన్ను ఎవరు తినొద్దన్నారు అని అడిగాడు. నిజమే. తినొద్దని ఎవరూ అనలేదు. కూర్చోమని కూడా ఎవరూ అనలేదు.

మూడు నెలల కింద విరుదునగరులో మా అమ్మగారింటికి పోయి వస్తున్నాము. ఊరికి ఆ పేరు పెట్టి పదేళ్ళు దాటినా మా అత్త ఇంకా విరుదుపట్టి అనే అంటుంది. మా ఊరు కోవిల్‌పట్టికి వచ్చే రైలు ఆలస్యం. మా ఆయన స్టేషన్ బల్ల మీద కూర్చుని మా అమ్మ కట్టిచ్చిన పులిహోర తింటున్నాడు. నేను నీళ్ళ చెంబు పట్టుకుని నిలబడ్డాను. స్టేషన్‌లో కూడా నిలబడ్డాను. ఎదురు బల్ల మీద రైల్వే గార్డు, గౌను తొడుక్కున్న ఆయన భార్య, వాళ్ళ కూతురు ఉన్నారు. ఆమె రేకు డబ్బా తెరిచింది. రెండు రొట్టె ముక్కల మధ్య వేయించిన చేప. మొగుడికి ఒకటి ఇచ్చింది, కూతురికి ఒకటి ఇచ్చింది, తను ఒకటి తీసుకుంది. ముగ్గురూ ఒక్కసారే కొరికారు. ఆకు లేదు, గరిటె లేదు, మళ్ళీ వేయటం లేదు. ఇవ్వటంతో ఆమె పని అయిపోయింది. మిగిలింది తినటమే. నేను కళ్ళు తిప్పుకోలేకపోయాను. మా ఆయన రెండుసార్లు నీళ్ళు అడిగాడట, నాకు వినబడలేదు.

కొళాయి దగ్గర ఆమె చేతులు కడుక్కోవటానికి వచ్చినప్పుడు అరవంలో అడిగాను, అదెలా చేస్తారని. చేప వేయించు, ముల్లు తీయి, రొట్టెలో పెట్టు, నిమ్మకాయ పిండు, అంతే అంది. ఆయనకు ఎన్ని అని అడిగాను. నా ప్రశ్న ఆమెకు అర్థం కాలేదు. తలకు ఒకటి అంది.

ఆ మాట పట్టుకుని మూడు నెలలు తిరిగాను. పిండి రుబ్బుతూ, పత్తి గింజ తీస్తూ, ఎద్దుల కుడితి కలుపుతూ దాన్నే తలచుకున్నాను. ఒకసారి, ఒక్కసారి, చేప వేడిగా ఉండగా కూర్చుని తినాలి. దొంగతనంగా పొయ్యి దగ్గర నోట్లో వేసుకోవటం కాదు. అది చేయగలను, అందరూ చేస్తారు. అందరి ఎదురుగా కూర్చుని తినాలి.

మాసి నెలలో ఆ రోజు వచ్చింది. మామ పిల్లలిద్దరినీ వెంటబెట్టుకుని విళాత్తికుళం పక్కన మా చేనికి మిరపకాయల కోతకు పోయి వారమైంది. మా ఆయన పత్తి మరలో తూకం దగ్గర పని చేస్తాడు, మధ్యాహ్నం గాని రాడు. పొద్దున తూత్తుకుడి రైలులో వచ్చిన చేపలామె మా గుమ్మం ముందు బుట్ట దించింది. సీలా చేప, కళ్ళు ఇంకా మెరుస్తున్నాయి. అత్త బేరమాడి తీసుకుంది. చింతపండు తెమ్మని నన్ను అంగడికి పంపింది. చింతపండు కొన్నాను. తరువాత కాళ్ళు వాటంతట అవే ఆసుపత్రి వీధికి తిరిగాయి.

మా ఊళ్ళో రొట్టె అమ్మేది ఆసుపత్రి పక్కనే. ఒళ్ళు బాగున్నవాళ్ళు రొట్టె కొనరు. జ్వరం వస్తే పాలల్లో ముంచి పెడతారు. మా ఇంట్లో అది కూడా మగవాళ్ళ జ్వరానికే. ఆడవాళ్ళ జ్వరానికి గంజి చాలు. అంగడాయన నన్ను చూసి గొంతు తగ్గించి ఎవరికి, ఎన్నాళ్ళ నుంచి అని అడిగాడు. ఎవరికీ లేదని చెప్పటానికి నోరు రాలేదు. ఇంట్లో అన్నాను. ఆయన పాపం మంచివాడు. లోపలికి పోయి ఆ పొద్దున కాల్చిన మెత్తటి రొట్టె తెచ్చి ఇచ్చాడు. మూడు రోజులు నూనె వాసన కూడా తగలనివ్వొద్దని చెప్పి పంపాడు. కొంగు కింద పెట్టుకున్నాను గాని రొట్టె కొంగు కింద దాగేది కాదు. వీధి మలుపులో పక్కింటి వెళ్ళైయమ్మాళ్ ఎదురైంది. నా కొంగు చూసింది, నా మొహం చూసింది, ఏమీ అడగకుండా గబగబా పోయింది.

అత్త రొట్టెను చూడగానే చేతిలో చేప వదిలేసింది.

"ఎవురికే జొరం?"

"ఎవురికీ లేదు అత్తా."

"లేకుంటే రొట్టె ఏంటికి?"

"చేపతో తినేదానికి."

అత్త లేచి వచ్చి చెయ్యి తిరగేసి నా మెడ మీద పెట్టి చూసింది. ఒళ్ళు చల్లగా ఉండేసరికి ఇంకా భయపడింది. డబ్బు నీళ్ళపాలు చేశావని, కొడుకు వస్తే చెప్తానని తిట్టింది. తిట్టనిచ్చాను. ముక్కలు పలచగా కోశాను. ఎండు మిరపకాయలు, ఉప్పు, పసుపు, జీలకర్ర, ఇంత చింతపండు వేసి మెత్తగా నూరాను. ముక్కలకు పట్టించి కాసేపు పక్కన పెట్టాను. చిన్న ఉల్లిపాయలు తరిగి ఉప్పు వేసి పిసికాను, నిమ్మకాయ పిండాను. రొట్టె కత్తిపీట మీద పెడితే మొదటి రెండు ముక్కలు పొడి అయిపోయాయి, మూడోదాని నుంచి చెయ్యి కుదిరింది. దోసె పెనం మీద నువ్వుల నూనె వేసి ముక్కలు వరసగా పరిచాను. ఆ చిటపటకు కమలం వచ్చి పక్కన కూర్చుంది. దానికి పదహారేళ్ళు. వైకాశి నెలలో పెళ్ళి అనుకుంటున్నారు. అది నిలబడి వడ్డించటం నేర్చుకోవాలని అత్త రోజూ చెప్తుంది. ఇంకెవరిని చూసి నేర్చుకుంటుంది, నన్నే. ముక్కలు ఎర్రగా వేగాయి. తీసి, పెనంలో మిగిలిన కారం నూనెలో రొట్టె ముక్కలు రెండు వైపులా అద్దాను. రొట్టె ఆ నూనెను తాగేసింది.

అప్పుడు వాకిట్లో గొంతు వినబడింది. వెళ్ళైయమ్మాళ్ రెండు బత్తాయిపళ్ళు పట్టుకుని వచ్చింది, జబ్బు మనిషిని చూడటానికి.

అత్త మొహం చూడాలి. జ్వరం లేదంటే, మరి రొట్టె ఎందుకని ఆమె అడుగుతుంది. నా కోడలు తినటానికి కొన్నదని అత్త చెప్పాలి. సాయంత్రానికి ఆ మాట వీధి వీధి తిరుగుతుంది. అత్త ఒక్క క్షణం అటూ ఇటూ చూసింది. తరువాత గబుక్కున నడింట్లోకి పోయి, మూలనున్న చాప లాగి, పడుకుని దుప్పటి కప్పుకుంది.

"నాకేనే వెళ్ళైయమ్మా జొరం. రేతిరి నించి" అంది.

వెళ్ళైయమ్మాళ్ పక్కన కూర్చుని నుదురు తాకింది. అంతసేపు పొయ్యి దగ్గర ఉన్న మనిషి నుదురు కాలక ఏమవుతుంది. అయ్యో అయ్యో అంటూ దుప్పటి సర్దింది. చేప వాసన వస్తున్నదే అని అడిగితే కొడుకు కోసమని అత్త మూలిగింది. వెళ్ళైయమ్మాళ్ లేచి వెళ్తుందేమో అని చూశాను. లేవలేదు.

"బొమ్మక్కా, రొట్టె తే. అక్క నా కండ్లెదురుగా నాలుగు ముక్కలు తింటేగానీ నేను లేయను" అంది నాతో.

పొయ్యి పక్కన పాలు ఉన్నాయి. ఉత్త రొట్టె ఉంది. చెయ్యి పాలగిన్నె దాకా పోయింది. మూడు నెలలు మోసిన కోరిక ఇక్కడ పాలల్లో ముంచేస్తే మళ్ళీ పైకి రాదని అనిపించింది. చెయ్యి వెనక్కి తీసుకున్నాను. నడిముక్క ఒకటి ఎత్తి ముల్లు తీశాను. నూనె అద్దని రొట్టె మీద పెట్టి, ఉల్లిపాయ వేసి, పైన అలాంటిదే ఇంకో రొట్టె మూశాను. కింద ఆకు చుట్టాను. పైకి చూస్తే ఉత్త రొట్టే. కమలం కొంగు నోట్లో కుక్కుకుంది.

అత్త పడుకునే కొరికింది. కరకరమని శబ్దం వచ్చింది. నమలటం ఆపి నా వైపు చూసింది. అత్త మళ్ళీ నమిలింది.

"ఏందక్కా, కరకర అంటాండాది?"

"రొట్టె ఎండిపోయిండాది" అంది అత్త. రెండో ముద్ద మొదటి దానికన్నా పెద్దది కొరికింది. మొత్తం తినేసింది. వేళ్ళు దుప్పటికి తుడుచుకుని నాతో అంది, "ఇంకొకటి తే. జొరానికి మంచిది."

ఆకలి పుట్టిందంటే సాయంత్రానికి జ్వరం దిగుతుందని వెళ్ళైయమ్మాళ్ సంతోషపడింది. బత్తాయిపళ్ళు తల దగ్గర పెట్టి పోయింది. ఆమె అడుగుల చప్పుడు వీధిలోకి పోయాక అత్త లేచి కూర్చుంది.

"ఏ ముక్క అది?"

"నడిముక్క అత్తా."

తిడుతుందని చూశాను. అత్త తన చేతులు చూసుకుంది.

"నలభై ఏండ్లుగా పంచుతాండాను. చేతికి తెలుసు, నోటికి తెలీదు" అంది. కాసేపయ్యాక నవ్వటం మొదలుపెట్టింది. ఆ నవ్వుకు దుప్పటి జారిపోయింది. ఆమె అంతగా నవ్వగా నేను ఎప్పుడూ చూడలేదు. కమలం నేల మీద పడి నవ్వింది.

మా ఆయన వాటా వంటింట్లో మూతపెట్టి, పెనం, రొట్టె, ఉల్లిపాయలు నడింట్లోకి తెచ్చి మధ్యలో పెట్టాను. అత్తకు ఒకటి, కమలానికి ఒకటి, నాకు ఒకటి. కూర్చున్నాను. కొరికాను. నాలుక కాలింది. కాలటం కూడా బాగుంది. పైన కరకర, లోపల చేప తెల్లగా పొరలు పొరలుగా విడిపోయింది, కారం నిమ్మకాయ రసంతో కలిసి దవడల పక్కకు దిగింది. వేడి చేపలో తీపి ఉంటుంది. చల్లారితే పోయేది ఆ తీపే. ఎవరి కంచమూ చూడనక్కర లేకపోతే నోరు ఎంత నెమ్మదిగా నములుతుందో నాకు అప్పుడు తెలిసింది. అత్త పత్తి మర కబుర్లు, వెళ్ళైయమ్మాళ్ కబుర్లు చెప్తూ తింటోంది. తింటూ మాట్లాడటం కూడా మాకు కొత్తే.

రెండోది సగంలో ఉండగా మా ఆయన వచ్చాడు. వాకిట్లో కాళ్ళు కడుక్కుని, తువ్వాలుతో మొహం తుడుచుకుని, రోజూ కూర్చునే చోట కూర్చున్నాడు. ఎదురుచూశాడు. ముగ్గురు ఆడవాళ్ళు కూర్చుని తింటున్నారన్నది ఆయన కంట్లో పడటానికి కాస్త సమయం పట్టింది.

నా మోకాలు లేచింది. నన్ను అడగలేదు, దానంతట అదే లేచింది. పధ్నాలుగేళ్ళ అలవాటు దానికి. కమలం నమలటం ఆపి నన్నే చూస్తోంది. నేను లేస్తే అదీ లేస్తుంది. వైకాశి తరువాత ఇంకో ఇంట్లో కూడా లేస్తుంది. మోకాలి మీద చెయ్యి పెట్టి నొక్కాను.

"తింటాండాము బావా. మీది వంటింట్లో మూత కింద ఉండాది. ఎత్తుకోండి" అన్నాను.

గొంతు వణకలేదు. నోట్లో చేప ఉండబట్టేమో. ఆయన అమ్మ వైపు చూశాడు.

"నన్ను చూస్తావేమిరా. నాకు జొరం" అంది అత్త, ఇంకో ముక్క కొరుకుతూ.

కోప్పడతాడనుకున్నాను. కోప్పడటానికి కూడా ఎక్కడ మొదలుపెట్టాలో ఆయనకు తెలియలేదనుకుంటాను. లేచి వంటింట్లోకి పోయాడు. ఒక మూత తీసిన చప్పుడు, ఇంకో మూత, ఇంకోటి. తన ఇంట్లో ఏ గిన్నె ఎక్కడుంటుందో ఆయనకు తెలియదు. చివరికి రొట్టె పట్టుకుని వచ్చి మా పక్కన కూర్చున్నాడు. కొరికాడు. దీని పేరేమిటని అడిగాడు. పేరు నాకు తెలియదని చెప్పాను. దాహమైతే తనే పోయి చెంబు తెచ్చుకున్నాడు. తాగి, చెంబు మా మధ్యలో పెట్టాడు.

రొట్టె అయిపోయింది. రొట్టె రోజూ కొనలేము, సీలా చేప రోజూ రాదు. రేపు సజ్జల కంబుకూడు, ఎండుచేప పులుసు. కంబుకూడును రొట్టెలో పెట్టి మూయలేము, అది కుండలో నుంచి కంచంలోకి రావలసిందే. సాయంత్రం పెనం తోముతూ అదే ఆలోచించాను. పెనం నున్నగా తోమి బోర్లించాక కమలాన్ని పిలిచాను. రేపు మధ్యాహ్నం కూడు కుండ, పులుసు చట్టి, గరిటె నడింట్లో మధ్యన పెట్టమని, చుట్టూ నాలుగు కంచాలు వేయమని చెప్పాను.

"నాయనా పిల్లోళ్ళూ చేనికాడి నించి వచ్చినాక ఎన్ని, వదినా?" అంది.

"ఏడు" అన్నాను.