వీడియో ఆగిన తర్వాత

నేను ఒక నల్లటి అద్దాన్ని. వెలిగినప్పుడు మాత్రం నన్ను ఫోన్ అంటారు. ఆరిపోయి ఉన్నప్పుడు నాలోకి ఎవరు చూసినా వాళ్ల ముఖమే కనిపిస్తుంది. మనుషులకు ఆ దృశ్యం అంతగా నచ్చదు. అందుకే చేతిలోకి తీసుకోగానే నన్ను వెలిగించుకుంటారు.

తలలకు టోపీలు, చేతులకు తొడుగులు వేసుకున్న ఆడపిల్లలు బారులుగా కూర్చున్న పెద్ద గదిలో నేను తయారయ్యాను. ఒకమ్మాయి నాకు కన్ను పెట్టింది. పక్కనున్న అమ్మాయి చెవి పెట్టింది. అద్దం బిగించే ముందు నాలో దుమ్ము రేణువు ఒక్కటైనా మిగిలిందేమోనని ఊపిరి బిగబట్టి చూశారు. అంత శుభ్రంగా పుట్టాను. తర్వాతి జీవితమంతా దుమ్ములోనే గడిచింది.

నా మొదటి యజమాని కరీంనగర్‌లో బీమా ఏజెంటు. పేరు దయాసాగర్. పగలంతా జనానికి వాళ్ల చావును మర్యాదగా గుర్తుచేసేవాడు. బస్సెక్కగానే నాలో ఒక ఆట తెరిచేవాడు. ఆ ఆటలో ఆడేవాడు మనిషి కాదు, రోగక్రిమి. దానికి ఒక పేరు పెట్టాలి, అది పుట్టే దేశాన్ని ఎంచుకోవాలి. అక్కడి నుంచి ప్రపంచ పటం మీద ఎర్రచుక్కలు పాకుతాయి, అవి పాకేకొద్దీ వచ్చే పాయింట్లతో క్రిమికి కొత్త గుణాలు కొనాలి. పైన ఒక నీలిగీత నిండుతూ ఉంటుంది. అది మనుషులు తయారుచేసుకుంటున్న మందు. గీత నిండేలోగా భూమ్మీద ఎవరూ మిగలకపోతే ఆడేవాడు గెలిచినట్టు.

దయాసాగర్ ఎప్పుడూ ఓడిపోయేవాడు. పాలసీ అమ్మినట్టే ఆడేవాడు. మొదటి మాటలోనే చావు ఎత్తేవాడు, అవతలివాళ్లు తలుపులు వేసుకునేవారు. ఒకరోజు బస్సు మెట్ల మీద నన్ను జారవిడిచాడు. నా మూల పగిలింది. పగిలిన వస్తువును ఎదుటివాళ్లు చూస్తే బేరం పోతుందని నన్ను అమ్మేశాడు. అలా చేతులు మారి సిరిసిల్లలో ఒక రిపేరు కొట్టు అద్దాల పెట్టెలోకి వచ్చాను. కొట్టువాడు నాలోంచి ఫొటోలన్నీ తుడిచేశాడు కానీ ఆటను ఉంచాడు. ఆట ఉన్న ఫోన్ తొందరగా పోతుందని అతని నమ్మకం.

నన్ను కొన్నవాడు మార్కండేయం. మరమగ్గాల కార్మికుడు. గుడ్డలోంచి లేచే సన్నని నూగు అతని కనుబొమలమీద ఎప్పుడూ ఉండేది. అతను, భార్య సుగుణ, రెండు గదుల అద్దె ఇల్లు, ఇంటిమొత్తానికి నేనొక్కడినే. పగలు సుగుణ బీడీలు చుడుతూ నాలో పాటలు వినేది. అప్పటికి ఆటను ఎవరూ తెరవలేదు.

దగ్గు మొదలయ్యాక తెరిచారు.

టీబీ అని తేలింది. మార్కండేయం ముందు గదిలో, సుగుణ వెనక గదిలో. మధ్యన గడప. అతని కంచం వేరు, గ్లాసు వేరు. పక్కింటివాళ్లు నన్ను కూడా ముట్టుకోవడం మానేశారు. గాలిలో పోయే రోగాన్ని వాళ్లు నా గాజు మీద వెతికారు. మగ్గం మీద అతని జోడీదారు సమ్మయ్య, వరసకు బావమరిది, వాకిట్లోనే నిలబడి కేకేసి పోయేవాడు.

"యముణ్నే ఎల్లగొట్టిన పేరు వెట్టుకున్నవ్, నువ్వు దగ్గుడేంది బావా! మార్కండేయస్వామి ఇజ్జత్ తీస్తున్నవ్!"

మార్కండేయం నవ్వేవాడు, నవ్వు దగ్గులోకి దిగేది. సమ్మయ్య వెళ్లాక నన్ను అందుకునేవాడు.

రోగంతో ఉన్న మనిషి రోగం పక్షాన ఎందుకు ఆడతాడని నేను చాలాసార్లు ఆలోచించాను. ఆలోచించడానికి నాకు తీరిక ఎక్కువ. కొట్టేవాడి చేతిని దెబ్బలు తిన్నవాడికంటే శ్రద్ధగా చూసేవాడు ఉండడు. మంచం మీదున్న ఆ మనిషికి తన ఒళ్లు తన మాట వినడం లేదు. నా అద్దం మీద మాత్రం బొటనవేలు కదిపితే ఖండాలు ఎర్రబడేవి. తన క్రిమికి 'ఆసామి' అని పేరు పెట్టాడు. ఆసామి అంటే తాను పనిచేసే మగ్గాల యజమాని. ఆసామి బ్రెజిల్ చేరాడని, ఆసామి ఈజిప్టులో దిగాడని ఆట చెబుతుంటే ఒంటరిగా నవ్వుకునేవాడు.

దయాసాగర్‌లా కాదు, అతను ఆటను అర్థం చేసుకున్నాడు. కొద్దిరోజులకే గురువయ్యాడు. సమ్మయ్య కూడా తన ఫోన్‌లో అదే ఆట వేసుకుని, మగ్గం దగ్గర భోజనాల వేళ ఫోన్ చేసేవాడు.

"బావా, మల్ల ఓడిన. ఆ మంచుదీవి ఒక్కటి మిగిలింది. అండ్లకు దూరుడైతలేదు."

"నీ రోగం పేరేంది?"

"కరెంటు బిల్లు."

"మంచిగ వెట్టినవ్. ముందుగాల్ల ఏం గుణాలు కొన్నవ్?"

"దగ్గు, వాంతులు, నెత్తురు కక్కుడు…"

"గదే నీ రోగం. వాంతులు జూసినంక ఎవడు రానిస్తడు? ఓడలు బంద్ వెడ్తరు, రేవులు మూస్తరు. దీవులు ఎప్పుడు గూడ ముందుగాల్ల మూస్కుంటయ్. మొదలు సప్పుడు జెయ్యకు. చలిని తట్టుకునే గుణం కొను, ఎండను తట్టుకునేది కొను. నీళ్లల్ల, గాలిల పాకే దారులు కొను. ఒక్కడు గూడ తుమ్మొద్దు. అందరికి అంటినంక, అందరు నవ్వుకుంట తిరుగుతున్నప్పుడు, అప్పుడు జూపియ్యి."

"నువ్వు గిట్ల మగ్గం నేర్పితే ఎప్పుడో ఆసామినయ్యేటోన్ని బావా."

ఇక నా రెండో పని గురించి చెప్పాలి. రోజూ పొద్దున మార్కండేయం మాత్రలు మింగుతూ నా ఎదుట వీడియో తీసి, క్షయ విభాగంలో పనిచేసే రజియాకు పంపాలి. ఆమె మొదటిరోజే వచ్చి నేర్పింది. "వెల్తురుల కూసో అన్నా. మాత్ర జూపియ్యి, నోట్లె ఏస్కో, నీళ్లు తాగు. మల్ల నోరు తెరువు, నాలిక లేపు. గప్పుడు బంద్ జెయ్యి." అంటే నేను సాక్షిని. ఆ మాట నాకు కొంత గర్వంగానే ఉండేది.

మొదట్లో నిజంగానే మింగాడు. దగ్గు తగ్గింది. చొక్కా భుజాల దగ్గర నిండింది. కానీ మాత్రలు కడుపులో మండేవి, తిన్న అన్నం నిలిచేది కాదు. ఒకరోజు నోరు తెరిచి నాలుక లేపి చూపించాడు. వీడియో ఆపి నన్ను బోర్లా పెట్టాడు. బోర్లా ఉన్న ఫోన్‌కు చెవి పనిచేస్తూనే ఉంటుంది. దవడకూ చిగురుకూ మధ్య దాచిన మాత్రను తుండుగుడ్డలోకి మెల్లగా ఉమ్మిన చప్పుడు విన్నాను. మర్నాడు మళ్లీ విన్నాను. రజియా మాత్రం నేను పంపింది చూసి బొటనవేలి బొమ్మ పంపేది. నాకు చూపినదాన్నే నేను చూపించాను. సాక్షి అన్న మాటకు అర్థం అంతేనని అప్పుడు తెలిసింది.

సుగుణ ఒక మధ్యాహ్నం నన్ను వెనక గదిలోకి తీసుకెళ్లి వేములవాడలో ఉన్న అక్కకు ఫోన్ చేసింది. గొంతు తగ్గించింది.

"అక్కా, ఆయన తుండుగుడ్డకు ఎర్రమరకలు. నెత్తురు కక్కుతున్నడు. నాకు చెప్తలేడే."

"దావఖానకు తీస్కపో."

"అడిగితే మంచిగనే ఉన్న అంటడు."

ఆమె ఏడుపు నాకు అంటింది. పైటకొంగుతో నన్ను తుడిచింది.

తర్వాత కొన్నాళ్లకు మళ్లీ అదే చోట కూర్చుని అక్కతో మాట్లాడింది. ఈసారి ఏడవలేదు.

"అది నెత్తురు గాదక్కా. నెత్తురైతే ఆరినంక నల్లవడ్తది. ఇది ఎర్రగనే ఉన్నది. నీళ్లల్ల ముంచితే కచ్చరంగు దిగినట్టు దిగుతున్నది. పుట్టినప్పటి సంది రంగుల నడుమ పెరిగిన, నాకు ఎర్క గాదా? గోలి రంగే గది. మింగుతలేడు."

"ముంగట వెట్టి అడుగు మరి."

"అడిగితే వీడియో జూపిస్తడు."

ఆ మాటకు నేను చల్లబడ్డాను. ఆమెకు ఎదురు నిలిచిన సాక్ష్యం నేనే.

కరెంటు పోయి వీధిలో మగ్గాలన్నీ ఆగిన ఒక మధ్యాహ్నం ఆమె గడప అవతల కూర్చుని, "నాకు గూడ ఆ ఆట నేర్పు," అంది. మార్కండేయం ముఖం వెలిగింది. రోగం వచ్చాక అతన్ని ఏదైనా నేర్పమని అడిగిన మొదటి మనిషి ఇంట్లో ఆమే. ముక్కుకు గుడ్డ కట్టుకుని వచ్చి నన్ను గడప మీద, ఇద్దరి మధ్య పెట్టాడు.

"పేరు వెట్టు," అన్నాడు.

ఆమె ఒక్కో అక్షరం వెతుక్కుంటూ 'సుగుణ' అని కొట్టింది.

"నీ పేరెందుకే?"

"ఆటనే గద."

మొదట దగ్గు కొంది. అతను వెంటనే వద్దన్నాడు. "తీసెయ్, తీసెయ్. మనుషులు మంచిగున్నమనుకోవాలె. పనికి పోవాలె, పెండ్లిండ్లకు పోవాలె, బస్సులెక్కాలె. నువ్వు లోపల సప్పుడు లేకుంట కూసోవాలె." ఎర్రచుక్కలు పాకాయి. పడవలు, విమానాలు సుగుణను మోసుకుపోయాయి. నీలిగీత కదలడం మొదలైంది.

"మందు వస్తున్నది గద. ఓడిపోతనా?"

"భయపడకు. మందుకు తట్టుకునే గుణం కొను. మందంటే మొత్తం తింటెనే మందు. కొంచెం తిని ఇడిసిపెట్టినోని లోపల మనం సావం. దెబ్బలు తిని తాలీమై గట్టివడ్తం. మల్ల లేస్తే ఆ మందు మనల్ని ఏం జెయ్యది."

"కొంచెం తిని ఎందుకు ఇడిసిపెడ్తరు?"

"బాగైందనుకుంటరు," అన్నాడు.

అని ఆగాడు. నా వెలుగు అతని ముఖం మీద పడుతూనే ఉంది. ఆ ముఖంలో ఏదో ఆలస్యంగా చేరింది. పటం మీద చుక్కలు మాత్రం ఎవరి కోసమూ ఆగలేదు.

"నీ పేరెందుకు వెట్టినవ్?" మళ్లీ అడిగాడు. ఈసారి గొంతు వేరు.

"నీ దగ్గరున్నన్ని రోజులు దానికి నీ పేరు. నాకంటినంక నా పేరే గద."

ఆమె పక్కనున్న తుండుగుడ్డను గడప మీద పరిచింది. ఉతికినా పోని ఎర్రమరకలు.

"నెత్తురనుకొని ఏడ్చిన. రంగని ఎర్కయినంక ఇంకెక్కువ ఏడ్చిన."

"కడుపుల మంట, సుగుణా. తిన్నది నిలుస్తలేదు. వాంతికి వాంతి. ఇప్పుడు మంచిగనే ఉన్న గద, దగ్గు లేదు…"

"లోపల అది గూడ మంచిగనే ఉన్నది," అంది ఆమె.

మార్కండేయం వేలు నా మీదికి వచ్చింది. ఆటను నిలిపాడు. పడవలు సముద్రం మధ్యలో ఆగిపోయాయి. తర్వాత అతనే రజియాకు ఫోన్ చేశాడు. చెప్పడానికి మూడుసార్లు మొదలుపెట్టాడు.

రజియా తిట్టింది. "నీ నాలిక కింద జూసిన గని దవడల జూడలేదన్నా. మంట అయితే నాకు చెప్పొద్దా? తిన్నంక ఏస్కునేది ఉన్నది, మంటకు గోలి ఉన్నది, డాక్టరు ఉన్నడు. రేపు తెమడ డబ్బా తెస్త. వదినెకు గూడ ఎక్స్‌రే ఫొటో తియ్యాలె. అప్పటిదాక ముక్కుకు గుడ్డ తియ్యకు."

పరీక్ష ఫలితం వచ్చేవరకు ఆ ఇంట్లో నన్ను ఎవరూ పాటల కోసం వెలిగించలేదు. మోగితే ఇద్దరూ ఉలిక్కిపడేవారు. సమ్మయ్య ఫోన్ చేసి "మంచుదీవి కొట్టిన బావా!" అని అరిచాడు. మార్కండేయం "మంచిది" అని పెట్టేశాడు. ఆ రోజుల్లో అతను నన్ను ఆరిపోయిన అద్దంగానే చేతిలో పట్టుకుని చూసుకునేవాడు. నన్ను అలా చూసిన మనిషి అతనొక్కడే.

చివరికి రజియా ఫోన్ చేసింది. క్రిమి ఉంది, కానీ మందుకు ఇంకా లొంగుతూనే ఉంది. మందుకాలం పెరుగుతుంది. సుగుణ ఊపిరితిత్తులు శుభ్రంగా ఉన్నాయి, అయినా ఆమె కూడా ముందుజాగ్రత్త మాత్రలు మింగాలి. మార్కండేయం విని, గడప దగ్గర కూలబడి, ముక్కుకు కట్టిన గుడ్డలోనే ఏడ్చాడు. సుగుణ అవతలి నుంచి, "ఇగ చాలు తియ్, గోలి ఏస్కో," అంది.

మర్నాటి నుంచి నన్ను ఆమె పట్టుకుంది. అతను మింగి, నోరు తెరిచి, వేలితో దవడ కూడా పక్కకు లాగి చూపించేవాడు. తర్వాత నన్ను తన వైపు తిప్పుకునేది, తన మాత్ర తాను మింగేది. ఆ తర్వాత కూడా వీడియో ఆపేది కాదు. ఉప్పుడు బియ్యం ధర పెరిగిందని, సమ్మయ్యకు కొత్త జోడీదారు కుదిరాడని, మాట్లాడుకుంటూ కూర్చునేవారు. మాత్ర దాచడానికి వీలులేనంత పొడవు.

"వదినె, గింత పొడుగు వీడియోలేంది? నా డాటా ఒడుస్తున్నది," అని రజియా మొత్తుకుంది.

"ఉండనీ చెల్లె," అంది సుగుణ.

మందు పూర్తయింది. అతను మగ్గానికి వెళ్లాడు. అతని కంచం, గ్లాసు మళ్లీ ఆమెవాటితో కలిశాయి. నా వయసు కూడా పూర్తయింది. బ్యాటరీ ఉబ్బి నా అద్దాన్ని లోపలి నుంచి పైకి లేపింది. ఇప్పుడు అదే రిపేరు కొట్టులో, పాత ఫోన్ల గోనెసంచిలో ఉన్నాను. కొట్టువాడు నా కన్ను ఊడదీసి ఎవరి ఫోన్‌కో పెట్టాడు. చెవి ఇంకా ఉంది కానీ వినడానికి ఏమీ లేదు.

ఆ ఆటను మార్కండేయం మళ్లీ తెరవలేదు, తుడిచేయనూ లేదు. పడవలు ఆ మధ్యాహ్నపు సముద్రంలోనే ఉండిపోయాయి. నీలిగీత సగంలో ఉంది. సుగుణ అనే రోగం ఇంకెవరికీ అంటకుండా, చావకుండా నాతోపాటు చల్లారింది. ఎదురుచూడటంలో రోగాన్ని మించినది లేదని అతను సమ్మయ్యకు నేర్పాడు. రోజూ పొద్దున మాత్ర మింగడం ఎంత విసుగైన ఎదురుచూపో అప్పటికి అతనికి తెలియదు.

నాలో మిగిలిన చివరి వీడియోలో అతను మింగాడు, దవడ చూపించాడు. ఆమె ఆపలేదు. కరెంటు వచ్చి వీధిలో మగ్గాలు ఒక్కసారిగా మొదలయ్యాయి. ఆ చప్పుడులో ఆమె ఏదో అంది, అతనికి వినపడలేదు. "ఏందే?" అంటూ గడప దాటి దగ్గరికి వచ్చాడు. అతని చొక్కా నా కంటిని కప్పేసింది. ఆ తర్వాత చీకటి, మగ్గాల చప్పుడు, మధ్యలో ఆమె నవ్వు. వీడియో నడుస్తూనే ఉంది.