బెలూనెక్కిన ఇస్త్రీ మనిషి

లెమ్యుయెల్ ప్రాట్ మోకాలి మీద కాగితం పెట్టుకుని తన నాటకం మూడో అంకంలోకి బెలూన్ దూర్చుతున్నాడు.

న్యూయార్క్‌లోని బవరీ వీధి థియేటర్‌లో పొద్దుటి రిహార్సల్. బొగ్గు దండగని యజమాని హాఫ్నర్ చలి కాచే పొయ్యి వెలిగించనివ్వలేదు. ప్రాట్ ఓవర్‌కోటు విప్పకుండా చివరి వరసలో కూర్చున్నాడు. మెడ మీది చర్మం కాలరు మీదికి జారింది. వేళ్ళకు సిరా మరకలు. నిద్ర లేచినప్పటి నుంచీ ఎడమ చెయ్యి లాగుతోంది.

అతని రచన ఎప్పుడూ ఒకటే తీరు. మూతపడిన నాటకాల పోస్టర్లు హాఫ్నర్ చవగ్గా కొనేవాడు. పోస్టరు మీద ఏ బొమ్మ ఉంటే ప్రాట్ కథ అదే. పులి ఉంటే పులి, వరద ఉంటే వరద. ఆ నాటకాలకు ఏడ్చే జనాన్ని అతను గొర్రెలనేవాడు. వాటికి గడ్డి కోసి పెట్టేవాణ్ణి ఏమంటారో ఏనాడూ ఆలోచించలేదు.

ఈసారి మాత్రం ఎవరూ అడక్కుండా ఒకటి రాశాడు. లాండ్రీలో ఇస్త్రీ చేస్తూ ముసలిదైపోయిన తన తల్లి కథ. అందులో ఎవరూ హత్యకు గురికారు, ఏదీ తగలబడదు. హాఫ్నర్ చదివి, వేద్దామన్నాడు. అంతలో కొత్త పోస్టర్లు వచ్చాయి. వాటి మీద, మనుషులెక్కే పెద్ద బెలూన్‌కు వేలాడుతున్న పెళ్ళికూతురు. హాఫ్నర్ నోరు తెరిచేలోపే ప్రాట్ "దూర్చేస్తానండీ" అన్నాడు.

స్టేజి మీంచి నాయిక డెల్ఫీన్ అడిగింది. "ప్రాట్ గారూ, ఇస్త్రీ చేసుకునే ముసలమ్మ బెలూన్ ఎందుకెక్కుతుందండీ? దుప్పట్లు ఆరేయడానికా?"

నటులు పగలబడి నవ్వారు. ప్రాట్ కూడా నవ్వాడు.

"పడుచుదాన్ని చేశానమ్మా. విలన్ ఎత్తుకుపోతాడు. ఇస్త్రీ సీను తీసేస్తున్నా."

"మీరు రాసినవాటిలో మనిషన్నవాడు రాసినట్టున్నది అదొక్కటేగా" అని ఆమె లోపలికి వెళ్ళిపోయింది.

భోజనాల వేళ అతను సీట్లోనే వెనక్కి వాలి కళ్ళు మూసుకున్నాడు. నాలుగు వరసల ముందు హాఫ్నర్ సాసేజ్ నములుతూ డెల్ఫీన్‌తో మాట్లాడుతున్నాడు. వెనక ప్రాట్ ఉన్నాడని ఇద్దరికీ తెలియదు.

"ఆ ఇస్త్రీ సీను చదివి మా అమ్మ గుర్తొచ్చి ఏడ్చానమ్మాయ్. ఒక్కసారైనా వాడు కుదరదంటాడేమోనని చూశా. అని ఉంటే పోస్టర్లు పొయ్యిలో పెట్టేవాణ్ణి."

"ఆ మాట మీరే అనొచ్చుగా?"

"వాళ్ళమ్మను అమ్ముకోవడానికి వాడికే లేని బాధ నాకెందుకు?"

ప్రాట్ లేవబోయాడు. కుదరదన్న మాట గొంతు దాకా వచ్చింది. ఎన్నడూ వాడని మాట కావడంతో బయటికి దారి తెలియక అక్కడే ఆగింది. చేతి నొప్పి ఛాతీలోకి పాకింది. నోరు తెరుచుకునే ఉంది.

మళ్ళీ రిహార్సల్ మొదలైంది. తాళ్ళు కిర్రుమన్నాయి. డెల్ఫీన్ బెలూన్ బుట్టలో నించుని పైకి లేచింది.

"ప్రాట్, బానే ఉందా?" తల తిప్పకుండానే అరిచాడు హాఫ్నర్.

జవాబు రాలేదు.

"వాడు దేనికి కాదన్నాడు గనక. కానివ్వండి."

సాయంత్రం ఊడ్చడానికి వచ్చినావిడ సీట్లో బిగుసుకుపోయి ఉన్న అతన్ని చూసింది. తెరలు లాగే కూలీలిద్దరు భుజాలూ కాళ్ళూ పట్టుకుని, టిక్కెట్ల కోసం నిలబడ్డ జనం కంటపడకుండా పక్క తలుపులోంచి మోసుకుపోయారు.

చివరి వరస సీటు కింద అతని రబ్బరు బూటు ఒకటి ఊడిపడి ఉంది. మడమ ఒక పక్కే అరిగింది. లోపల పొద్దుటి వీధి మంచు తడి ఇంకా ఆరలేదు.