తమ్ముడింటి పీచ్ పళ్ళు

పీచ్ పండు అడుగున కత్తితో గాటు పెట్టి, మరిగే నీళ్ళలో ముంచి, వెంటనే చన్నీళ్ళలో వేస్తే తొక్క చొక్కా విప్పినంత సులువుగా ఊడి వస్తుంది. నేను ఆ పనిలో ఉండగా తమ్ముడి ఫోన్ వచ్చింది. పొయ్యి మీద వెనిగర్, పంచదార, దాల్చినచెక్క ఉడుకుతున్నాయి. తడి చేతుల్తోనే ఫోన్ చెవికీ భుజానికీ మధ్య ఇరికించుకున్నాను.

"అక్కా, నిన్న మందు కొట్టాను. మా ఆవిడకి చెప్పలేదు. అందుకే పొద్దున తను..."

ఒళ్ళు మండిపోయింది నాకు. మా నాన్నను మింగేసింది ఆ మందే. వీడు తాగుడు మానేసి రెండేళ్ళయింది. ఆ రెండేళ్ళూ వీడి ఫోన్ మోగినప్పుడల్లా ఈ మాట వినాల్సి వస్తుందేమోనని భయపడుతూనే ఉన్నాను.

"ఛీ, నోర్మూయ్! పెళ్ళానికి చెప్పకుండా కొట్టింది కాక, పైగా నాకు చెప్తున్నావా? నాన్న పోయింది చాల్లేదూ?"

"అయ్యో, అది కాదక్కా, నే చెప్పేది..."

"మత్తు దిగాక చెప్పు!"

పెట్టేశాను. మళ్ళీ మోగింది. ఫోన్ మొత్తానికే ఆపేశాను.

ఆ కోపంలో లవంగాలన్నీ పళ్ళలోకి మేకుల్లా దిగగొట్టాను. పొద్దునే మరదలు వాళ్ళ పెరటి చెట్టువని బుట్టెడు పళ్ళు ఇచ్చి వెళ్ళింది. పాపం, పిచ్చిమొహంది, మొగుడి వేషాలు దానికేం తెలుసు అనుకున్నాను.

మా ఉడత గుమ్మంలో కూర్చుని తొక్కతోనే తింటోంది. ఉడతంటే నా ఆరేళ్ళ కూతురు. ఏ పండు కనబడినా కొరకందే వదలదని ఆ పేరు పెట్టాం.

"కడిగావుటే?"

"గౌనుకి తుడిచానుగా!"

అంత కోపంలోనూ నవ్వొచ్చింది నాకు.

సీసాల్లో పళ్ళు సర్ది పాకం పోస్తుండగా అది భళ్ళున వాంతి చేసుకుంది. ఒళ్ళంతా చెమట. నోట్లోంచి చొంగ కారుతూనే ఉంది.

"అమ్మా, నువ్వు సరిగ్గా కనబడట్లేదు," అంది.

దాని చేతిలో సగం కొరికిన పండు ఉంది. తొక్క మీద తెల్లటి చుక్కలు. దుమ్మేలే అని పొద్దున్నుంచీ నేను పట్టించుకోని చుక్కలు. మందు కొట్టాను, మా ఆవిడకి చెప్పలేదు, అన్నాడు తమ్ముడు.

చెట్టుకి! దేవుడా, వాడు కొట్టింది చెట్టుకి!

పిల్లను భుజాన వేసుకుని వీధి చివరి ఆస్పత్రికి పరిగెత్తాను. చెప్పులు వేసుకున్నానో లేదో, పొయ్యి ఆర్పానో లేదో కూడా తెలీదు. నా మెడ మీద దాని చొంగ కారుతోంది. పిలిస్తే పలకడం లేదు.

డాక్టరమ్మ దాని కళ్ళలోకి లైటు వేసి చూసింది.

"ఏం మందు కొట్టారమ్మా? రకరకాలుంటాయి. పేరు తెలియాలి, తొందరగా!"

నడుముకి దోపుకున్న ఫోన్ తీసి, ఆన్ చేసి తమ్ముడికి చేశాను. ఒక్క రింగుకే ఎత్తాడు.

"అక్కా, పళ్ళు తిన్నారా?"

"ఉడత తిందిరా! మందు పేరేంటి? ఆస్పత్రిలో ఉన్నాం!"

"మందు డబ్బా నా చేతిలోనే ఉంది. నువ్వు ఫోన్ ఆపేశావని బయల్దేరొచ్చేశా. మీ వీధిలోనే ఉన్నా, వస్తున్నా!"

రొప్పుతూ వచ్చాడు. డాక్టరమ్మ డబ్బా మీద పేరు చదివి సూది వేసింది. కాసేపటికి ఇంకొకటి వేసింది. నేను మంచం కోడు పట్టుకుని దాని డొక్కలు ఎగరడమే చూస్తూ నిలబడ్డాను. అవి ఎక్కడ ఆగిపోతాయోనని ప్రాణాలు అరచేతిలో పెట్టుకున్నాను. చివరికి చొంగ ఆగింది. అది కళ్ళు తెరిచి నీళ్ళడిగింది.

"గండం గడిచింది. ఇవాళ ఇక్కడే ఉంచండి," అంది డాక్టరమ్మ.

అప్పుడు తన్నుకొచ్చింది నాకు ఏడుపు. తమ్ముడి మీద వాలిపోయాను. వాలుతూ వాలుతూనే, ఎందుకు చేశానో నాకే తెలీదు, వాడి నోటి దగ్గర వాసన చూశాను.

వాడికి తెలిసిపోయింది. అయినా వెనక్కి జరగలేదు. డాక్టరుకి గొంతు చూపించే పిల్లాడిలా నోరు బాగా తెరిచి, నా ముఖం మీదికి ఊపిరి వదిలాడు.

"చూసుకో అక్కా," అన్నాడు.