తుంచిన నారు కొనలు

వరినారు నాటేముందు ఆకుల కొనలు తుంచి పూడ్చిపెట్టాలని మా అమ్మ నేర్పింది. కాండం తొలిచే పురుగు ఆ కొనల మీదే పుడుతుంది. గడ్డిరంగు చిన్న రెక్కలపురుగు వచ్చి అక్కడే గుడ్లు పెట్టి, పైన నూగు కప్పి పోతుంది.

పక్కచేను హజరత్తయ్య కొనలు తుంచడు. పైగా నిన్న నన్ను చూసి, "ఏం పెంచలమ్మక్కా, నారుకు క్షవరం చేస్తా ఉండావా?" అని నవ్వాడు. నాకు ఒళ్లు మండింది. తుంచిన కొనలన్నీ గట్టు దాటించి వాడి మడిలోకే విసిరేశాను.

ఇంటికొచ్చాక అసలు సంగతి గుర్తొచ్చింది. గుడ్లు పగిలితే పిల్లపురుగులు సన్నటి దారానికి వేలాడుతూ గాలివాటున పక్క మొక్కలకు పోతాయి. సముద్రపు గాలి జువ్వలదిన్నె ఊరి మీదుగా ముందు వాడి చేను దాటి, తర్వాత నా చేనుకే వస్తుంది!

తెల్లారగానే వెళ్లి వాడి మడిలో వంగి కొనలు ఏరుతున్నాను. గట్టు మీదికి హజరత్తయ్య రానే వచ్చాడు.

"ఏం వెతకతా ఉండావక్కా?"

"చెవికమ్మ పడిపోయిందయ్యా."

పంచె ఎగ్గట్టి వాడూ దిగాడు. వద్దన్నా వినలేదు. వాడు వంగిన ప్రతిసారీ నేను ఏరిన కొనలు కొంగులో దాచుకుంటున్నాను. చివరికి నడుం పట్టుకుని లేచి, నా ముందు గుప్పిలి తెరిచాడు. నిండా కొనలే.

"కమ్మలు రెండూ నీ చెవులకే ఉండాయి గదక్కా. నువ్వు పారేసుకునింది వీటినేనా?"