ఫ్రోయిలా ఎత్తు కొవ్వొత్తి

ఫ్రోయిలా జ్వరంతో మూసిన కన్ను తెరవకుండా పడి ఉంటే, వాడి పెళ్లాం గొంత్రోద నూలుపోగు తెచ్చి తల దగ్గర్నుంచి మడమల దాకా కొలిచింది. "మా ఆయన లేస్తే, ఈ పోగంత కొవ్వొత్తి మోసుకుని నీ సమాధి దాకా నడిచొస్తా" అని పునీత యాకోబుకు మొక్కింది. మా లియోన్ పల్లెల్లో ప్రాణం మీదికొస్తే అందరం చేసేదే. పోగు రెండో కొస పట్టుకున్నది పక్కింటిదాన్ని, నేనే. ఆ సమాధి ఉన్న కంపోస్తెలా దాకా తోడొస్తానని మాటిచ్చిందీ నేనే.

జ్వరం తగ్గింది. లేచి కూర్చోగానే ఆ మహానుభావుడు అడ్డం తిరిగాడు.

"నువ్వెళ్తే ఆవు పాలెవరు పిండుతారే? ఆ కొవ్వొత్తేదో దారినపోయే యాత్రికుడి చేతిలో పెట్టు."

మొగుడు సరే అనందే పెళ్లాం యాత్రకు కదలకూడదని మా చర్చి గురువుగారి మాట. గొంత్రోద రొట్టె ముట్టడం మానేసింది. నాకైతే ఒళ్లు మండిపోయింది.

ఆదివారం చర్చి ముంగిట కొవ్వొత్తిని దీవెనకు తెచ్చాం. ఫ్రోయిలా వేళాకోళానికి దాని పక్కన నిలబడ్డాడు. అది వాడి నడుం దగ్గరే ఆగిపోయింది! జ్వరంలో రొయ్యలా ముడుచుకున్నవాణ్ణి, ముడుచుకున్నట్టే కొలిచాం మరి.

"అయితే నీకు నడుం దాకానే నయమైందిరోయ్!" అన్నాడు కమ్మరి. జనం పొట్టలు పట్టుకుని నవ్వారు. ఫ్రోయిలా మొహంలో మాత్రం నెత్తుటి చుక్క లేదు. వంగి కాళ్లు తడుముకున్నాడు.

"ఇంకోటి చేయించవే! ఇవాళే బయల్దేరు! నేను ఒప్పుకున్నా!"

"కొలిచింది కొలిచినట్టే ఇవ్వాలి," అంది గొంత్రోద. "కొలతకి రాని కాళ్లున్నాయి చూడు, అవే నడిచొచ్చి పునీతుడికి కనపడాలి."

గురువుగారు నవ్వాపుకుంటూ తలూపారు. ఆవును మా చెల్లెలికి అప్పజెప్పి ముగ్గురం బయల్దేరాం.

దారంతా ఫ్రోయిలా ముందు నడుస్తూ, ఎదురైన ప్రతి యాత్రికుడికీ తన కాళ్లు చూపించాడు. "బాగానే ఉన్నాయంటారా?" అని ఒకటే గోల. నాకు విసుగెత్తింది.

"వెళ్లమన్నాడుగా! ఇద్దరం హాయిగా పోక, ఈ గుదిబండని ఎందుకు తగిలించావే?"

గొంత్రోద కొవ్వొత్తిని ఈ భుజం మీంచి ఆ భుజానికి మార్చుకుంది.

"బతికితే చాలని మొక్కాననుకున్నావా అక్కా? మళ్లీ నా పక్కన నడవాలని మొక్కా." అని ముందుకు కేకేసింది. "ఏమయ్యోయ్! కాస్త ఆగు, నేనూ వస్తున్నా!"

ఫ్రోయిలా ఆగాడు. నాకు కళ్లు చెమర్చాయి. చెప్పులో రాయి పడిందని చెప్పి నేను వెనకబడ్డాను.