అత్తయ్య చేతులు ఆగిన చోటు

సినిమా తొంభై నిమిషాలు దాటకూడదని చిత్రోత్సవం వాళ్ళ షరతు. నాది తొంభై నాలుగు దగ్గర మొండికేసి కూర్చుంది. సాయంత్రం ఐదులోపు పంపకపోతే మూడేళ్ళ కష్టం ఇంకో ఏడాది అటకెక్కినట్టే.

డైరెక్టర్నీ నేనే, ఎడిటర్నీ నేనే. పోట్లాడదామన్నా ఎదుటి మనిషి లేడు. అందుకే ఎప్పటిలాగే అత్తయ్యని పిలిచాను.

ఆవిడకి తెలియని సంగతి ఒకటుంది. ఐదు సినిమాలుగా నేను ఆవిడ చేతుల్ని చూసే కత్తిరిస్తున్నాను. పడగ్గదిలో నా కంప్యూటర్ ఎదురుగా మంచం మీద కూర్చుని, ఒళ్ళో పళ్ళెం పెట్టుకుని బఠానీ కాయలు ఒలుస్తూ చూస్తుంది. సీను బాగుంటే వేళ్ళు ఆగిపోతాయి. సాగుతోందంటే గింజలు టపటపా రాలతాయి. నోటితో మాత్రం ఎంత చెత్త చూపించినా "బాగుందమ్మా" అనే అంటుంది.

ఈసారి చిక్కేమిటంటే, నాకు అనుమానంగా ఉన్నది అత్తయ్య నటించిన సీనే. రావలసిన నటి రాకపోతే ఆవిడని కూర్చోబెట్టాను. నాలుగున్నర నిమిషాలు బట్టలు మడతపెడుతుంది. ఆ సంగతి తన చెల్లెళ్ళకీ, మేడమీద వాళ్ళకీ, చివరికి పళ్ళ డాక్టరుకీ చెప్పేసింది.

సీను మొదలైంది. తెరమీద అత్తయ్య దుప్పటి మడతపెడుతోంది. మంచం మీద అత్తయ్య కాయలు ఒలుస్తోంది. టపటపా, టపటపా.

"అదేమిటే, సినిమా అక్కడుంటే నా చేతుల వంక చూస్తావు?"

దొరికిపోయాను. ఉన్నదంతా చెప్పేశాను.

"ఓసి నీ అసాధ్యం కూలా! ఇన్ని సినిమాలకీ నా బఠానీలేనా దిక్కు?" అని పళ్ళెంలోకి చూసుకుంది. "అమ్మో, పావుకిలో అయిపోయింది. ఆ మహాతల్లి ఇంకా రెండో దుప్పటి దగ్గరే ఉంది. తీసిపారెయ్."

"అందరికీ చెప్పుకున్నారు కదత్తయ్యా."

"చెప్పుకున్నదాన్ని నేను, సర్దిచెప్పుకునేదాన్నీ నేనే. నీకు మొహమాటమైతే ఏ బటనో చూపించు, నేను నొక్కుతాను."

నొక్కేముందు ఇంకోసారి వేశాను. ఈసారి దొంగచూపుల్లేవు, ఇద్దరం పళ్ళెం వంకే చెవులు రిక్కించాం. గింజలు రాలుతూనే ఉన్నాయి. ఆఖర్న ఉన్నట్టుండి చప్పుడు ఆగింది. తలెత్తితే, తెరమీద ఆవిడ ఒక చిన్న చొక్కా చేతిలోకి తీసుకుని, ఊడిన గుండీ చోటు బొటనవేలితో తడిమి, మడతపెట్టకుండా పక్కన పెట్టింది. అలా చెయ్యమని నేను చెప్పలేదు.

"ఆగారత్తయ్యా!"

"తెలిసిందిలే," అంది, చేతిలో సగం విప్పిన కాయతోనే.

ఆ పన్నెండు సెకన్లు ఉంచి, ముందున్నదంతా తీసేశాను. ఎనభై తొమ్మిది నిమిషాల నలభై రెండు సెకన్లు. నాలుగున్నరకల్లా పంపేశాను.

నేను కుర్చీలో వెనక్కి వాలేసరికి అత్తయ్య ఫోనులో పెద్ద చెల్లెలికి జాగ్రత్తలు చెబుతోంది.

"పన్నెండు సెకన్లేనే. నేనొచ్చినప్పుడు దగ్గొచ్చినా ఆపుకో. నువ్వు దగ్గి తలెత్తేసరికి నేను వెళ్ళిపోతాను!"