రిసీవరు చేతిలో కొబ్బరితోట

నలభై ఐదు రోజులకోసారి పలివెలలో సూర్యకాంతంగారి తోటలో కొబ్బరికాయల దింపు. పొద్దున్నే కాఫీ తాగి, కత్తి పట్టుకుని వెళ్లి, ఆవిడ మాను మీద ఒక్కటి చరిచేది. చెట్టు తల వంచేది. గెల కోసుకుని వదిలేస్తే మళ్లీ లేచి నిలబడేది. ఊళ్లో దీని గురించి మాట్లాడేది దింపు కార్మికులు మాత్రమే, అదీ తమ కూలి పోతోందని.

ఆ తోటని ఆవిడ భర్త బతికుండగా సత్తిరాజుకు తాకట్టు పెట్టాడు. బాకీ తీరిందని ఆవిడ, తీరలేదని ఆయన. దావా తేలేదాకా తోట పాడవకుండా చూడమని కోర్టువారు లాయరు సలోమిని రిసీవరుగా వేశారు. సలోమి నిక్కచ్చి మనిషి. ఇద్దరిలో ఎవరూ లోపలికి రాకూడదని చెప్పి గేటుకు తాళం వేసింది. పాపం, అక్కడే పొరపాటు పడింది.

దింపుకు కార్మికుడు త్రిమూర్తుల్ని పిలిపించింది. అతను ఎక్కుతున్నకొద్దీ చెట్టు పెరిగింది. భోజనాల వేళకి దిగొచ్చి, అందలేదని చెప్పి మజ్జిగ అడిగాడు. రెండో దింపూ అంతే. కాయలు పైనే ఎండిపోయాయి. తోట పాడైపోతోంది, ఇప్పుడే అమ్మించేయండని సత్తిరాజు అర్జీ పెట్టాడు. గేటవతల నిలబడి చూస్తున్న సూర్యకాంతంగారు ఆ మాట వినగానే గేటు ఊచలు పట్టుకున్నారు. అమ్మేశాక కేసు గెలిస్తే మాత్రం చెట్లు తిరిగొస్తాయా?

సలోమికి అన్నం సహించలేదు. చివరికి నివేదికలో ఉన్నదున్నట్టు రాసేసింది. చెట్లు సూర్యకాంతంగారికి తప్ప ఎవరికీ వంగడం లేదని, ఆవిడని తన తరఫున కూలికి పెట్టుకోనిమ్మని, కాయల డబ్బు కోర్టులో జమ కడతానని. సత్తిరాజు లాయరు చెట్లు వంగడం గురించి ఏమీ అనలేదు, కూలి మరీ ఎక్కువన్నాడు. జడ్జిగారు రోజుకో యాభై తగ్గించి, అమ్మకం అర్జీ కొట్టేశారు.

తాళం తీసిన రోజు చెట్లన్నీ ఒక్కసారే వంగాయి. నేను లేకపోతే ఇంత పొడుగైపోతారా అని వాటిని తిట్టి, మట్టల్లో మొహం దాచుకుని ఆవిడ ఏడ్చింది. సలోమికీ ఏడుపొచ్చింది.

కాసేపటికి సూర్యకాంతంగారు కొంగుతో మొహం తుడుచుకున్నారు.

"కేసు ఇంకా ఎన్నాళ్లు పట్టుద్దండీ, లాయరమ్మగారూ?"

సలోమి చెప్పడానికి మొహమాటపడింది. "అప్పీళ్లతో కలిపి ఇరవై ఏళ్లయినా పట్టొచ్చండి."

ఆవిడకి మొన్ననే డెబ్బై రెండు నిండాయి.

"ఆయ్, సరిపోద్దండి," అని కత్తి అందుకుంది.